తలుపు ఒప్పుకోని కోడలు

ఆ ఇంట్లో కొత్తకోడల్ని ఒప్పుకోనివాళ్ళంటూ ఎవరూ లేరు. అత్తగారు మొదటి చూపులోనే ఒప్పుకుంది. కింది వాటాలో కుట్టుమిషను పిన్నిగారు నాలుగు మాటలు మాట్లాడి ఒప్పుకుంది. ఎవరినీ మెచ్చని పైవాటా మాస్టారు కూడా "పిల్ల బుద్ధిమంతురాలే" అని తేల్చేశారు. ఒప్పుకోనిదల్లా వీధి తలుపొక్కటే!

"క్షమించండి. మిమ్మల్ని గుర్తించలేకపోయాను" అంది తలుపు, తేనె పూసిన గొంతుతో.

వరండాలోకి వానజల్లు ఈడ్చి కొడుతోంది. చేతిలో అన్నం డబ్బా, చంకలో సంచి, నెత్తినుంచి కారుతున్న నీళ్ళు. కోడలు బొటనవేలు జాకెట్టుకి తుడుచుకుని మళ్ళీ పెట్టింది. చూపుడువేలు పెట్టింది. ఎడమచెయ్యి పెట్టింది. ఏ వేలు పెట్టినా అదే గొంతు, అదే క్షమాపణ. గంట నొక్కితే లోపల స్నానాల గదిలో అత్తగారు పోసుకునే నీళ్ళ చప్పుడే తప్ప పలికే దిక్కు లేదు. చేసేది లేక భర్తకి ఫోన్ చేసింది. "ఏమండీ, మీ ఫోన్‌లోంచి తలుపు తియ్యండి... తడిసి ముద్దయిపోయాను. మీ దిక్కుమాలిన తాళం మళ్ళీ నన్ను ఎవరో అంటోంది" అని ఉన్నమాట అనేసింది.

ఆ మాట ఎక్కడ పేలిందో ఆమెకేం తెలుసు? వేలితో తెరుచుకునే తాళాలు అమ్మి, ఇళ్ళకి బిగించడం అతని ఉద్యోగం. ఆ సమయానికి ఒక పెద్ద హాల్లో జనాన్ని కూర్చోబెట్టి, తన ఫోన్ని పెద్ద తెరకీ స్పీకర్లకీ తగిలించి, తాళం గొప్పలు చెబుతున్నాడు. భార్య గొంతు నాలుగు మూలలా ఖణేల్‌మని మోగింది. ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత వెనక వరసలో ఎవరో "తాళాలబ్బాయి పెళ్ళాం బయట నానుతోందిరోయ్" అన్నారు. ఇక నవ్వులు ఆగలేదు.

సాయంత్రం అతను ఇంటికొచ్చిన తీరు చూడాలి! చెప్పులు ఒకటి అటు, ఒకటి ఇటు ఎగిరాయి.

"దిక్కుమాలిన తాళమా? మనం తినే తిండి అదే పెడుతోంది!"

"నాకు మాత్రం తిండికి ముందు ఇల్లు కావాలి. వాన వెలిసేదాకా బయట నిలబడడానికా పెళ్ళి చేసుకున్నది?"

"తాళంలో లోపం లేదు. నీ వేళ్ళలో ఉంది లోపం."

నిజమే, ఆమె వేళ్ళకి గీతలు లేవు. తండ్రి వడ్రంగి. ఆయన కుర్చీలూ బల్లలూ చేస్తే, వాటిని ఉప్పుకాగితంతో రుద్ది నున్నగా తీర్చి పాలిష్ పెట్టేది ఆమె. పరికిణీల వయసునుంచీ అదే పని. "అమ్మడి చెయ్యి పడితే చెక్క అద్దం" అని ఊరంతా చెప్పుకుంటారు. చెక్కని అద్దం చేసిన ఆ కాగితమే వేళ్ళ కొసల్ని కూడా అరగదీసింది. ఆ నునుపు చూసే కదా ఇదే మనిషి పెళ్ళికి ముందు ఆ చెయ్యి పట్టుకుని, "ఇంత మెత్తగా ఎలా ఉన్నాయి?" అని మురిసిపోయింది! ఇప్పుడది లోపమైంది.

పోనీ పాత తాళం ఉంచమందా? అంది. "తాళాలమ్మేవాడి ఇంటికి తాళంచెవా? పది మందిలో నవ్వులపాలు కానా?" అన్నాడు. తన ఫోన్‌లోంచి తలుపు తీసే ఏర్పాటైనా పెట్టమందా? అంది. "అది ఇంటి యజమాని ఫోన్ ఒక్కదానికే" అన్నాడు. యజమానట! ఆ మాట అన్నప్పుడు అతని నోరు కూడా కొంచెం తడబడింది గానీ, వెనక్కి తీసుకోలేదు.

"నువ్వు కొన్నాళ్ళు పని మానేస్తే గీతలు మళ్ళీ వస్తాయి" అన్నాడు గొంతు తగ్గించి. "చర్మం కదా, పెరుగుతుంది. వచ్చే నెల బిల్డరుగారు మనింటికే వస్తున్నారు. ఆయన కట్టే ఇళ్ళన్నిటికీ మన తాళాలే పెట్టించాలని మా మేనేజర్ కాళ్ళరిగేలా తిరుగుతున్నాడు. ఆయన చూస్తుండగా నువ్వు బయటినుంచి వచ్చి, వేలు పెట్టి తలుపు తియ్యాలి. అదొక్కటి చెయ్యి. నాకోసం."

ఈ 'నాకోసం' అనే మాట ఉంది చూశారూ, దీన్ని కనిపెట్టినవాణ్ణి ముందు అనాలి. పొమ్మనలేక పొగబెట్టినట్టు, మానమనలేక మాన్పించే మాట అది. కొత్త కాపురం, కొత్త మొగుడు, వాడి మొహంలో ఆ బేలతనం... ఆమె మెత్తబడింది. మర్నాడు తండ్రి దగ్గరికి వెళ్ళి చెప్పింది. ఆయన చిత్రిక పక్కన పెట్టి, చాలాసేపు చెక్కపొట్టు కాళ్ళతో పోగుచేస్తూ నిలబడ్డాడు. "మీ ఆయన మాట కాదనకమ్మడూ. ఈ బల్లలు నేను రుద్దుకుంటాలే" అన్నాడు. ఆయన భుజం ఎత్తితే నొప్పి. ఆ సంగతి ఆమెకి తెలుసు, ఆమెకి తెలుసని ఆయనకీ తెలుసు.

ఇంట్లో కూర్చున్నాక అసలు మంట మొదలైంది. రోజూ పొద్దున్నే అతను ఆమె చెయ్యి కిటికీ దగ్గరికి లాక్కెళ్ళి, వేళ్ళకొసలు వెలుతుర్లో తిప్పి చూసేవాడు. మాగబెట్టిన పండు నొక్కి చూసినట్టు నొక్కేవాడు. "ఇదిగో ఇక్కడ వస్తోంది" అని సంతోషపడేవాడు. అంట్లు తోముతుంటే, "పీచు గట్టిగా పట్టుకోకు" అనేవాడు. కూరలు తరుగుతుంటే, "వేలు జాగ్రత్త" అనేవాడు. ఆ జాగ్రత్త తనకి కాదని, వచ్చే నెల వచ్చే బిల్డరుగారికని తెలిసి ఆమెకి ఒళ్ళు మండిపోయేది. పని చేసే చెయ్యి ఊరికే ఉంటే ఎంత బరువో, ఉంచుకున్నవాళ్ళకి గానీ తెలియదు.

అత్తగారు మాత్రం ఒక్కమాట అనేది కాదు. ఆవిడ నోరు విప్పడమే అరుదు. మొగుడు పోయాక ఆసుపత్రి బట్టలు ఉతికే చోట పనిచేసి కొడుకుని పెంచింది. మరిగే నీళ్ళు, సోడా, రక్తం మరకల దుప్పట్లు... ఇన్నేళ్ళ చాకిరీ అయ్యాక ఇప్పుడిప్పుడే కూర్చుంది. గుమ్మం దాటేది కాదు. కుట్టుమిషను పిన్నిగారు బజారుకి పిలిస్తే, "మోకాళ్ళమ్మా" అనేది. కొడుకు మందు తెచ్చి, "రోజూ రాసుకో అమ్మా" అని బల్లమీద పెట్టాడు. ఆ సీసా మూత కూడా తియ్యకుండా అలాగే ఉంది.

ఒకరోజు కోడలు మనసాగక తండ్రిని చూసొస్తానని బయల్దేరింది. చూడడానికే, చెయ్యి పెట్టనని అత్తగారికి చెప్పి మరీ వెళ్ళింది. అక్కడ తండ్రి ఎడమచేత్తో బల్ల రుద్దుతున్నాడు. పైన గరుకు అలాగే ఉంది. ఎన్నడూ పని తిప్పి పంపించుకోని మనిషి, ఆ బల్ల మాకొద్దని చేయించుకున్నవాళ్ళు వదిలేసి పోయారని నవ్వుతూ చెప్పాడు. ఆ నవ్వు చూడలేక ఆమె తొందరగానే తిరిగొచ్చింది.

మెట్లు ఎక్కుతూ ఉండగా మలుపులో ఎవరో కూర్చుని కనిపించారు. కాళ్ళకి చెప్పుల్లేవు. తల మోకాళ్ళమీద. అత్తగారు!

"అత్తయ్యా! ఇక్కడేంటి? పడిపోయారా?"

"లేదమ్మా. నాతో బట్టలుతికిన ఆవిడ వీధిలో పోతూ పిలిచింది. ఒక్క నిమిషం మాట్లాడదామని దిగాను. తలుపు దానంతటదే పడిపోయింది."

"పడితే ఏం? మీ వేలు పెట్టి..."

ఆవిడ చేతులు కొంగులో దాచుకుంది. పెదాలు ఎండిపోయి ఉన్నాయి. ఎప్పుడు దిగిందో ఏమో, మధ్యాహ్నం తిండి కూడా తిన్నట్టు లేదు. కోడలికి అప్పుడు తట్టింది. ఆవిడ కుడిచెయ్యి అందుకుని తిప్పి చూసింది. తన వేళ్ళకి గీతలు కొంచెం మిగిలి ఉండేవేమో, ఆవిడ వేళ్ళకి అదీ లేదు. సోడా తినేసి, కాగితంలా తెల్లగా, పల్చగా, మెరుస్తున్నాయి.

"మొదటినుంచీ ఇంతేనా?"

"ఆ రోజు వాడు తాళం బిగించి, నా వేలు పెట్టించాడు. అంతలో వాడికి ఫోనొచ్చింది. ముద్ర పడిందా అమ్మా అన్నాడు. పడలేదని ఎలా అనను? వాడి మొహం వెలిగిపోతోంది. పడిందిలేరా అన్నాను. నేనెక్కడికి పోతాను కనక..."

"అందుకా బజారుకి రానన్నారు? మోకాళ్ళు కాదా?"

"మోకాళ్ళు బాగానే ఉన్నాయి."

"కింద పిన్నిగారి దగ్గరికైనా వెళ్ళి కూర్చోవచ్చు కదా! ఆవిడ ఫోన్ చేసేది."

"ఏమని చెప్పనమ్మా? నా కొడుకు తలుపు నన్ను రానివ్వట్లేదని చెప్పనా?"

కోడలు ఆవిణ్ణి రెక్క పట్టుకుని లేపి, పైకి తీసుకొచ్చింది. అలవాటు కొద్దీ గంట మీదికి పోయిన చెయ్యి, లోపల ఎవరూ లేరని గుర్తొచ్చి ఆగింది. బొటనవేలు తాళం మీద పెట్టింది.

"ఇంటికి స్వాగతం" అంది తలుపు.

ఆ మాటకోసమే కదా ఇన్నాళ్ళు చేతులు కట్టుకు కూర్చుంది! ఇప్పుడు వినబడితే ఎవరో చెంపమీద కొట్టినట్టుంది. ఆమె పక్కకి తప్పుకుని, అత్తగారిని ముందు నడవమంది. ఆవిడ తలవంచుకుని, పరాయింట్లోకి వెళ్ళినట్టు వెళ్ళింది.

"వాడికి చెప్పకమ్మా. నామీద ఒట్టు. ఆ బిల్డరు వచ్చి పోయేదాకా... చిన్నబుచ్చుకుంటాడు."

కోడలు ఒట్టు వెయ్యలేదు. అత్తగారు వేసిందనే అనుకుంది.

ఆ సాయంత్రం అతను రెండేసి మెట్లు ఎక్కుతూ వచ్చాడు. తలుపు తెరుచుకున్న సంగతి ఫోన్ ముందే చేరవేసిందిగా! "చూశావా, నేను చెప్పలేదూ!" అని ఆమె చేతులు పట్టుకుని ఊపేశాడు. ఆమె "అత్తయ్య ఇవాళ..." అని మొదలుపెట్టింది. వంటింటి గడపలోంచి ఆవిడ చూసిన చూపుకి ఆగిపోయింది. అతను ఆ మాట మిగతా సగం ఎక్కడికి పోయిందని కూడా అడగలేదు. మోకాళ్ళ మందు తెచ్చిపెట్టాడు గానీ మూత తీశావా అని అడగని మనిషి! ఆమె ఆ రాత్రినుంచి అన్నం సరిగ్గా తినలేదు. కడుపులో అన్నానికి చోటు లేకుండా కోపం కూర్చుంది.

బిల్డరుగారు వచ్చే రోజు రానే వచ్చింది. అతను కొత్త చొక్కా వేసుకున్నాడు. మేనేజర్ ముందుగానే వచ్చి తాళాన్ని రుమాలుతో తుడిచాడు. అందరూ వరండాలో నిలబడి చూడాలి, అప్పుడే బాగుంటుందని అత్తగారిని కూడా బయటికి తెచ్చి నిలబెట్టారు. కోడలు సంచి పట్టుకుని, అప్పుడే బజారునుంచి వచ్చినట్టు మెట్లెక్కి రావాలి. ఎంత చక్కటి నాటకం!

ఆమె పైకి వచ్చేసరికి అతను గొంతు సవరించుకుని చెబుతున్నాడు: "మా ఇంట్లో తాళంచెవి అన్నదే లేదు సార్. మరిచిపోతామన్న భయం లేదు. మా పెద్దావిడ దగ్గర్నుంచి కొత్తకోడలి దాకా ఎవరి వేలు వాళ్ళకి తాళంచెవి. మా అమ్మే నాకు మొదటి కస్టమర్ సార్."

బిల్డరుగారు తలాడించారు. మేనేజర్ నవ్వాడు. అత్తగారు నేల చూసింది. ఆ చూపు చూసేసరికి కోడలికి మంట నషాళానికి అంటింది. తాళం మీదికి లేచిన చెయ్యి దించేసింది.

"నేను తియ్యను."

అతను నవ్వుతూనే, "సిగ్గు సార్" అన్నాడు.

"సిగ్గు కాదు. మొదటి కస్టమర్ అన్నారుగా, అత్తయ్య చేత తీయించండి. తర్వాత నేను తీస్తాను."

"రా అమ్మా" అన్నాడు అతను తేలిగ్గా. పాపం, తాళం మీద అంత నమ్మకం!

అత్తగారు కోడలి వైపు చూసింది. ఆ చూపులో నిష్ఠూరం ఉంది. కోడలు తల తిప్పుకోలేదు. ఆవిడ వెళ్ళి బొటనవేలు పెట్టింది.

"క్షమించండి. మిమ్మల్ని గుర్తించలేకపోయాను."

"చెమట సార్" అన్నాడు మేనేజర్. ఆవిడ వేలు తుడుచుకుని మళ్ళీ పెట్టింది. మళ్ళీ అదే మాట. అతను ముందుకొచ్చి, తల్లి చెయ్యి పట్టుకుని, వేలు సరిగ్గా ఆనించి నొక్కాడు. అదే మాట. అప్పుడు, పెళ్ళాం వేళ్ళని రోజూ వెలుతుర్లో తిప్పి చూసిన ఆ మనిషి, తల్లి వేలు తిప్పి చూశాడు. చూసి వదల్లేకపోయాడు. మేనేజర్ మోచేత్తో పొడిస్తే గానీ కదల్లేదు. చివరికి తన వేలు పెట్టాడు.

"ఇంటికి స్వాగతం" అంది తలుపు.

బిల్డరుగారు గడ్డం గోక్కున్నారు. "మీకు మాత్రం తెరుచుకుంటోందయ్యా, సంతోషం. నా ఇళ్ళలో ఆడవాళ్ళు కూడా ఉంటారు మరి" అని మెట్లు దిగిపోయారు. మేనేజర్ వెనకే పరుగెడుతూ, "ముందు మీ ఆవిణ్ణి అదుపులో పెట్టుకో" అని అరిచి మరీ పోయాడు.

ఇంట గెలవకుండా రచ్చ గెలవబోయినవాడికి ఇంకేం మిగులుతుంది? లోపలికొచ్చి భార్యమీద విరుచుకుపడ్డాడు.

"పది మందిలో నా పరువు తీశావు! ఇంట్లో చెబితే చచ్చిపోతావా?"

"ఇంట్లో చెప్పబోతే విన్నారా? నేను ఎప్పుడొచ్చానో ఎప్పుడు పోయానో మీ ఫోన్‌కి తెలుసు. మీ అమ్మ గడప దాటి ఎన్నాళ్ళయిందో మీకు తెలుసా? ఆవిడ ఆకలితో మెట్లమీద కూర్చుంది, కుక్కపిల్లలా! మోకాళ్ళని మందు తెచ్చారే, ఆ మోకాళ్ళెలా ఉన్నాయని ఒక్కనాడైనా అడిగారా? నా వేళ్ళలో లోపమన్నారు. నోరు మూసుకున్నాను. మా నాన్న నొప్పి భుజంతో రుద్దుకుంటుంటే చేతులు కట్టుకుని కూర్చున్నాను. మరి ఆవిడ వేళ్ళకేం చేస్తారు? ఆవిణ్ణేం మానెయ్యమంటారు? మిమ్మల్ని పెంచడం మానెయ్యమంటారా?"

"అమ్మాయ్, చాలు" అంది అత్తగారు.

"చాలదత్తయ్యా. ఈయన కోసం మీరు ఒకసారి, నేనొకసారి నోరు మూసుకున్నాం. దానివల్ల ఈయనకి ఒరిగిందేంటి?"

అతను తల్లి వైపు తిరిగాడు. గొంతులో ఇందాకటి కేకలు లేవు.

"ఎందుకు చెప్పలేదమ్మా?"

"ఫోన్ ఎత్తుతూ పడిందా అని అడిగావురా" అంది ఆవిడ. కోపంగా అనలేదు, అదే ఇంకా ఘోరంగా ఉంది. "నీకు సంతోషంగా ఉందిగా అని పడిందన్నాను. తర్వాత నువ్వు మళ్ళీ అడగలేదు."

అతను కుర్చీలో కూలబడి, మొహం చేతుల్లో దాచుకుని ఏడ్చాడు. చిన్నప్పుడు ఏడిస్తే ఎత్తుకునే తల్లి ఈసారి లేచి వెళ్ళలేదు. కోడలూ వెళ్ళలేదు. ఏడవనిచ్చారు.

మర్నాడు అతను ఆ తాళం విప్పి, మామూలు తాళం బిగించాడు. తాళంచెవులు ముగ్గురికీ తలొకటి చేయించాడు. కంపెనీలో అతన్ని అమ్మకాలనుంచి తీసేసి గోదాములో పడేశారు. ఆ సంగతి తల్లికి చెప్పుకున్నాడు. భార్యకి చెప్పే ధైర్యం లేక, ఆమె వినేంత దూరంలో చెప్పుకున్నాడు. ఆమె విని, అన్నం డబ్బా సర్దుకుని తండ్రి దగ్గరికి పనికి పోయింది. క్షమించమని రెండుసార్లు అడిగాడు. పని ఎక్కువగా ఉందా అని అడిగాడు. తలనొప్పిగా ఉందా అని అడిగాడు. అడగడం నేర్చుకున్నాడు పాపం, ఆలస్యంగా. ఆమె జవాబివ్వలేదు. కోపం నీళ్ళ కుండ కాదుగా, బోర్లిస్తే ఖాళీ అయిపోవడానికి!

సెలవు రోజు వచ్చింది. భోజనాల వేళ దాటుతున్నా అత్తగారు రాలేదు. పొద్దున ఎవరికీ చెప్పకుండా, చెప్పులేసుకుని, తాళంచెవి తీసుకుని వెళ్ళిపోయింది. కంచాలు వడ్డించి ఉన్నాయి. అతను కిటికీలోంచి వంగి చూస్తాడు, వచ్చి కూర్చుంటాడు, మళ్ళీ లేస్తాడు. "ఎక్కడికెళ్ళి ఉంటుంది? దారి తప్పిందేమో... వెతకనా?" అంటాడు. ఆమె పచ్చడి గిన్నె మీద మూత సర్దింది.

మెట్లమీద చప్పుడైంది. తొందర లేని అడుగులు. తలుపు దగ్గర ఆగాయి. తాళంలో చెవి పెట్టిన చప్పుడు, తిరగని చప్పుడు. తీసి మళ్ళీ పెట్టింది. తలకిందులుగా పెట్టిందో ఏమో, మళ్ళీ ఇరుక్కుంది. అతను గబుక్కున లేచాడు.

ఆమె అతని చెయ్యి పట్టుకుని ఆపింది.

"కూర్చోండి" అంది. తగువు రోజు తర్వాత ఆమె అతనితో మాట్లాడిన మొదటి మాట అది. "ఆవిడే తీసుకుంటారు."

అతను కూర్చున్నాడు. ఆమె చెయ్యి వదల్లేదు, అతనూ లాక్కోలేదు. బయట తాళంచెవి ఈసారి తిరిగింది. తలుపు తెరుచుకుంది. అత్తగారు ఎండకి ఎర్రబడ్డ మొహంతో లోపలికి వచ్చి, తాళంచెవిని నడుము దగ్గర దోపుకుని, ఇద్దరినీ, ముందున్న కంచాలనీ చూసింది.

"ఏంటర్రా, ఇంకా తినకుండా కూర్చున్నారు?" అంది.